ఫోను జేబులో పెట్టి నడవండి

మొన్న ఆదివారం శాంటో డొమింగో చర్చి ముందున్న సంతలో ఇద్దరు తెలుగు పిల్లలు కనిపించారు. కొత్తగా వచ్చినట్టున్నారు. నేల మీద కూర్చుని, నడుముకు కట్టుకున్న మగ్గంతో నేస్తున్న ఒకావిడ ముఖానికి జానెడు దూరంలో ఫోను పెట్టి వీడియో తీస్తున్నారు. ఆవిడ శాలువా నుదుటి మీదికి లాక్కుంది. వీళ్లు వంగి మరీ తీశారు. ఒళ్లు మండింది నాకు. ఆరేళ్ల కిందట నేను చేసిన తప్పే అది. అందుకే ఇది రాస్తున్నాను.

మెక్సికోలోని ఈ శాన్ క్రిస్టోబాల్ దె లాస్ కాసాస్‌లో సులువైనవి ముందు చెప్పేస్తాను. అద్దె ఇల్లు, సిమ్ కార్డు తేలికే. ఊరు దాదాపు 2,200 మీటర్ల ఎత్తున ఉంది, చాలా ఇళ్లలో హీటర్లు ఉండవు, రెండు రగ్గులు కొనుక్కోండి. మే నుంచి అక్టోబరు దాకా గొడుగు మరవకండి. కుక్కర్ తప్పకుండా తెచ్చుకోండి. ఈ ఎత్తున నీళ్లు 93 డిగ్రీలకే మరుగుతాయి, గిన్నెలో పప్పు ఎంతకీ ఉడకదు. కొత్తిమీర, పచ్చిమిర్చి, చింతపండు దొరుకుతాయి. కరివేపాకు నాకెక్కడా కనబడలేదు. పొద్దున్నే పక్కింట్లో మొక్కజొన్న రొట్టెలు తట్టే చప్పుడు వింటే మా నాయనమ్మ జొన్నరొట్టెలు తడుతున్నట్టే ఉంటుంది. ఆమె పోయినప్పుడు నేనిక్కడే ఉన్నాను.

సరే, అసలు సంగతి. ఎవరి నేల మీద ఉన్నారో తెలుసుకోండి. 1528లో దియెగో దె మసారియెగోస్ అనే స్పానిష్ సేనాని ఈ ఊరు కట్టించాడు. సొత్సిల్, సెల్తల్ మాట్లాడే మాయా జనం అంతకు ఎంతో ముందునుంచే ఈ కొండల్లో ఉన్నారు. వాళ్ల తరఫున గొంతెత్తిన బిషప్ లాస్ కాసాస్ పేరును 1848లో ఊరికి కలిపారు. పేరైతే కలిపారు గానీ, ఇరవయ్యో శతాబ్దంలో కూడా చాలాకాలం ఈ వీధుల్లో కొండ జనం పేవ్‌మెంట్ మీద నడవకూడదనేవారు. పట్నం మనిషి ఎదురొస్తే రోడ్డు మీదికి దిగాల్సి వచ్చేది. మనకిది తెలియని కథా? పెద్దకులాల వీధి రాగానే చెప్పులు చేతబట్టుకుని నడిచినవాళ్లు మన పల్లెల్లో లేరా? మా ఊళ్లో ఆ వీధి నాకు తెలుసు. 1994 జనవరి 1న జపతీస్తాలు, అంటే ఈ మాయా జనంలోంచి లేచిన తిరుగుబాటుదారులు, ముసుగులు కట్టుకుని వచ్చి ఇక్కడి మునిసిపల్ భవనాన్ని ఊరికే పట్టుకోలేదు.

ఇక పక్కనే ఉన్న సొత్సిల్ జనం ఊరు చాములా. షేర్ వ్యానులో పది కిలోమీటర్లు. అక్కడి సెయింట్ జాన్ చర్చిలో బల్లలుండవు. నేలంతా పైన్ ఆకులు పరిచి ఉంటాయి. కుటుంబాలు కింద కూర్చుని, కాస్త చోటు చేసుకుని, వరుసగా కొవ్వొత్తులు నిలబెడతాయి. లోపల ఫొటోలు తీయకూడదని బయటే చెబుతారు. నాకూ చెప్పారు.

నా ముందు ఒక ముసలావిడ జ్వరపడ్డ పిల్లవాణ్ణి ఒళ్లో పెట్టుకుని, కోడిగుడ్డుతో వాడి తల, భుజాలు నిమురుతూ లోగొంతుతో ప్రార్థిస్తోంది. మా అమ్మ ఉప్పూ మిరపకాయలతో దిష్టి తీసినట్టే అనిపించింది. అమ్మకు చూపిద్దామని ఫోను తీశాను. ఒక్క ఫొటో. ఆవిడ ప్రార్థన ఆపేసి, పిల్లవాడి ముఖం అరచేత్తో కప్పేసింది. ఊరి పెద్దలు నన్ను బయటికి తీసుకెళ్లి ఫొటో తీసేయించారు. జరిమానా కట్టి వచ్చాను. ఆ అరచెయ్యి ఇంకా కళ్లముందే ఉంది. మా తమ్ముడికి దిష్టి తీస్తుంటే ఎవరో ముక్కూమొహం తెలియనివాడు గుమ్మంలో నిలబడి ఫొటో తీస్తే మా అమ్మ ఊరుకునేదా?

మళ్లీ చెబుతున్నాను, ఫోను జేబులో పెట్టండి. ‘అడిగి తీస్తే తప్పేమిటి’ అంటారు. చాములా చర్చిలో అడగను కూడా అడగకండి. సంతలో అడగండి, వద్దంటే వదిలేయండి. పది పెసోలు చూపించి బతిమాలకండి. మనిషి ముఖానికి బేరమేమిటి? స్పానిష్ ఎలాగూ నేర్చుకుంటారు, సొత్సిల్‌లో ‘కొలావల్’ అన్న ఒక్క మాటైనా నేర్చుకోండి. ధన్యవాదాలని అర్థం.

ఆదివారం ఆ పిల్లల్ని పక్కకు పిలిచి ఇదంతా చెప్పాను. అబ్బాయి తల దించుకున్నాడు. అమ్మాయి ఫోను సంచిలో పడేసి, వెళ్లి ఆవిడ ఎదురుగా నేల మీద కూర్చుంది. కాసేపటికి ఆవిడ శాలువా వెనక్కి జరిగింది. అమ్మాయి నావైపు తిరిగి, “మా తాతగారూ చీరాలలో మగ్గం నేసేవారని ఈవిడకి ఎలా చెప్పాలండీ?” అని అడిగింది.

చెప్పాను.