'మైండ్' అను ఆంగ్లపదము

వేదాంతగ్రంథములను ఆంగ్లమున చదువువారికి పుటపుటను ఎదురగు మాట 'మైండ్'. దానిని మనము తడుముకొనక 'మనస్సు' అని తెనిగించుకొని ముందుకు సాగుదుము. కాని ఆంగ్లేయుడు ఈ మాటను తత్త్వవిచారమునకే దాచుకొనలేదు. తల తగులునట్టి పొట్టి ద్వారబంధముపై హెచ్చరికగా వ్రాసినది ఈ మాటయే. బిడ్డను కొంతసేపు చూచుచుండుమని పొరుగామెను కోరునపుడు పలుకునది ఈ మాటయే. రైలుబండిలో ప్రక్కన కూర్చుండుటకు అనుమతి అడుగునపుడును ఇదియే. ఇన్ని పనులు చేయు మాటను ఒక్క 'మనస్సు'తో సరిపెట్టినచో అర్థమెక్కడ చెడునో, అందును వేదాంతవాక్యములందు ఎట్లు చెడునో, కొంత నిదానించి చూడదగియున్నది. ఉపనిషత్తులను, గీతను మొదట ఆంగ్లానువాదములందే చదువువారు మన దేశమున పెక్కుమంది కలరు. ఆంగ్లమునుండి తెలుగునకు వచ్చిన గ్రంథములును తక్కువ కాదు. మూలమున వేరువేరుగా నున్న పదములు ఆంగ్లమున ఒక్కటై, ఆ యొక్కటియు తెలుగున 'మనస్సు'గా దిగినచో, సాధకుడు దేనిని నిగ్రహింపవలెనో, దేనిని ఎరుగవలెనో తెలియక తికమకపడును.

మొదట దాని పుట్టుక. ప్రాచీనాంగ్లమున ఈ పదముయొక్క పూర్వరూపమునకు ముఖ్యార్థము 'జ్ఞాపకము'. ఆ యర్థము నేటికిని కొన్ని పలుకుబడులలో నిలిచియున్నది. 'బేర్ ఇన్ మైండ్' అనగా జ్ఞప్తియందుంచుకొనుము. 'రిమైండ్' అనగా జ్ఞప్తికి తెచ్చుట. 'టైమ్ అవుట్ ఆఫ్ మైండ్' అనగా ఎవ్వరి జ్ఞాపకమునకును అందనంత పూర్వకాలము. 'ఇట్ స్లిప్డ్ మై మైండ్' అనగా మరచితిని అని.

భాషాశాస్త్రజ్ఞులు ఈ పదమును, సంస్కృతమున 'తలచుట' అను అర్థముగల 'మన్' ధాతువును ఒకే మూలమునకు చెందినవిగా నిర్ణయించిరి. 'మెంటల్' అను మాటకు మూలమైన లాటిన్ పదము 'మెన్స్' ఆ వంశముదే. జ్ఞాపకశక్తి నశించుటను తెలుపు 'ఆమ్నీషియా' అను గ్రీకుమాటయు అట్టిదే. కావున 'మైండ్', 'మనస్సు' బంధువులనుట నిజమే. ఐనను ఈ బంధుత్వమున అంతకంటెను దగ్గరిది మరియొకటి కలదు. ప్రత్యయముతోసహా 'మైండ్'నకు సరిజోడు 'మనస్సు' కాదు, 'మతి'. ఈ రెండును ఒక్క పూర్వపదమునుండి రెండు దిక్కులకు సాగిన రూపములు.

తెలుగువానికి ఇది మిక్కిలి ముచ్చటగొలుపు విషయము. మన వాడుకలో 'మతి' చేయు పనులను చూడుడు. జ్ఞాపకము లేకపోవుటను 'మతిమరుపు' అందుము. స్పృహ తప్పి ప్రవర్తించువానిని 'మతి పోయినవాడు' అందుము. ఆంగ్లేయుడు సరిగా ఈ తావుననే 'అవుట్ ఆఫ్ హిస్ మైండ్' అనును. ఏకాభిప్రాయము 'సమ్మతి', ఆంగ్లేయుడు 'ఆఫ్ వన్ మైండ్' అనును. ఒరులు మనకిచ్చు ఒప్పుదల 'అనుమతి'. 'మతము' అను మాటయు 'మన్' ధాతువునుండి వచ్చినదే. 'తలపబడినది, అభిప్రాయము' అని దానికి తొలి యర్థము. సుమతీశతకమును వల్లించిన మన పిల్లవాండ్రందరును ఈ పదముయొక్క తోబుట్టువును నాలుకపై నాడించినవారే యన్నమాట!

జ్ఞాపకమునుండి ఈ మాట క్రియయై శ్రద్ధకు, జాగ్రత్తకు దారితీసినది. తలపున నుంచుకొనుట, కనిపెట్టియుండుట, కాపాడుట అను క్రమము సహజమైనదే. లండన్ నగర భూగర్భరైలు వేదికలమీద 1968 మొదలుకొని వినిపించుచున్న 'మైండ్ ది గ్యాప్' అను హెచ్చరికకు, వేదికకును బండికిని నడుమనున్న సందును చూచుకొనుమని యర్థము. 'మైండ్ యువర్ హెడ్' అనగా తల తగులును, జాగ్రత్త. ఇందు మనస్సునకుగాని మేధకుగాని ప్రసక్తి లేదు.

ఈ జాగ్రత్తనుండియే 'అభ్యంతరము' అను అర్థము పుట్టినది. మనము తెలుగున 'ఆ మాట మనసులో పెట్టుకొనకుడు' అందుము కదా. అందు జ్ఞాపకమును కలదు, నొచ్చుకొనుటయు కలదు. 'నెవర్ మైండ్' అనుదానికి ఇంతకంటె చక్కని తెలుగు దొరకదు. ఇక్కడనే మనవారు తరచుగ పొరపడు తావొకటి కలదు. 'డూ యూ మైండ్ ఇఫ్ ఐ సిట్ హియర్?' అని యొకరు అడిగినపుడు, మర్యాదకొరకు మనవాడు 'యస్, యస్' అని తల యూపును. అడిగినవాడు నివ్వెరపోవును. ఏలయన ఆ ప్రశ్నకు 'కూర్చుండవచ్చునా?' అని కాదు, 'కూర్చుండిన మీకు అభ్యంతరమా?' అని యర్థము. దానికి 'యస్' అనగా అభ్యంతరము కలదనుట! 'నో' అనియో, 'నాట్ ఎటాల్' అనియో చెప్పినగాని అతడు కూర్చుండుటకు వీలులేదు. 'వుడ్ యూ మైండ్' అను ప్రార్థనయు ఇట్టిదే. దాని వెనుక 'ఓపెనింగ్ ది డోర్' అనవలెనేకాని 'టు ఓపెన్' అనరాదు. మరియొక మాట: భోజనమునకు పిలిచినవారితో 'ఐ డోంట్ మైండ్' అనుట మర్యాద కాదు. 'పెట్టిన తిందును, లేకున్నను చింత లేదు' అన్నట్లు వినబడును.

ఇక నామవాచకముగ దాని ప్రయోగములను చూతము. అంతఃకరణమునకు నాలుగు వృత్తులని మన పెద్దలు చెప్పిరి. ఇదియా అదియా యని సంకల్పవికల్పములు చేయునపుడు మనస్సు. ఇదియే యని నిశ్చయించునపుడు బుద్ధి. గడచినదానిని స్మరించునపుడు చిత్తము. 'నేను, నాది' యని యభిమానించునపుడు అహంకారము. ఈ విభాగమును తెలిసినవాడు ఆంగ్లపు పలుకుబడులను పరికించినచో ఆశ్చర్యపడును. 'ఇన్ టూ మైండ్స్' అనగా రెండు తలపులనడుమ ఊగిసలాడుట, అది మనోవృత్తి. 'మేకప్ వన్స్ మైండ్' అనగా ఒక నిర్ణయమునకు వచ్చుట, అది బుద్ధివృత్తి. 'బేర్ ఇన్ మైండ్' చిత్తవృత్తి. 'హీ హాజ్ ఎ మైండ్ ఆఫ్ హిజ్ ఓన్' అనగా ఒకరు చెప్పిన వినక తన పట్టు తనకుగలవాడు. అందు అహంకారపు పాలు కనబడుచునే యున్నది. మనవారు నాలుగు పేరులిచ్చి చెప్పినదానిని ఆంగ్లేయుడు ఒక్క పేరునకు నాలుగు తోకలు తగిలించి చెప్పుకొనుచున్నాడు. అది వాని దోషమనరాదు. అంతఃకరణము ఒక్కటియే, పనిని బట్టి పేరు మారుచున్నదని కదా మనవారును అందురు. కాబట్టి 'మైండ్' అనుదానికి పెక్కుతావుల సరియగు సంస్కృతపదము 'మనస్సు' కాదు, 'అంతఃకరణము'.

ఈ భేదము తెలియనిచో కఠోపనిషత్తునందలి రథకల్పన యర్థము కాదు. అందు శరీరము రథము, ఇంద్రియములు గుఱ్ఱములు, మనస్సు పగ్గము, బుద్ధి సారథి, ఆత్మ రథమునందు కూర్చున్నవాడు. అనువాదకులు సామాన్యముగ మనస్సును 'మైండ్' అనియు బుద్ధిని 'ఇంటలెక్ట్' అనియు వ్రాయుదురు. ఆంగ్లమే ఎరిగినవాడు, 'ఇంటలెక్ట్ మైండులోనిదే కదా, పగ్గములోని భాగము పగ్గమును ఎట్లు పట్టుకొనును?' అని యడుగును. న్యాయమైన ప్రశ్నయే. పగ్గమనగా అంతఃకరణమంతయు కాదు, ఎటో యొకవైపునకు లాగబడు సంకల్పవికల్పముల త్రాడు మాత్రమే. దానిని పట్టి నడపునది నిశ్చయము.

ఇంతకంటె గంభీరమైన చిక్కు మరియొకటి కలదు. ఫ్రాన్సు దేశపు తత్త్వవేత్త డెకార్ట్ 1641లో ప్రకటించిన 'మెడిటేషన్స్' అను లాటిన్ గ్రంథమున, నేనెవడనని విచారించి, తలచు వస్తువునని తేల్చెను. సంశయించుట, గ్రహించుట, ఒప్పుకొనుట, కాదనుట, ఇచ్చగించుట, ఊహించుట ఇవన్నియు ఆ వస్తువుయొక్క పనులే. దానినే ఆంగ్లమున 'మైండ్' అందురు. అతని విభాగమున ఒకవైపు దేహాదిజడము, రెండవవైపు చేతనమగు మైండ్. పాశ్చాత్యవిద్య నేర్చిన ప్రతివాని చెవిలోను ఈ విభాగముయొక్క ఛాయ యుండును. వేదాంతమున గీటు గీసిన తావు వేరు. సంశయించుట మొదలగునవన్నియు అంతఃకరణవృత్తులు, అంతఃకరణము సూక్ష్మభూతములయొక్క సత్త్వాంశమువలన పుట్టిన జడము, కనబడునది. దానిని చూచువాడు, సాక్షి, వేరు. డెకార్ట్ 'నేను' అన్నదానిని శంకరులు 'నాకు కనబడునది' అందురు.

మనస్సు భౌతికమనుటకు ఛాందోగ్యోపనిషత్తు ఆరవ అధ్యాయమున ఒక ప్రయోగమే కలదు. ఉద్దాలకుడు తన కుమారుడగు శ్వేతకేతుని పదునైదు దినములు అన్నము మాని నీరు మాత్రము త్రాగుమనెను. పిదప వేదమును చెప్పుమనగా పండ్రెండేండ్లు చదివిన ఆ బాలునికి ఒక్క ఋక్కైనను తోపలేదు. అన్నము తిని వచ్చిన తరువాత అడిగినదెల్ల చెప్పగలిగెను. మనస్సు అన్నమయమని తండ్రి ఇట్లు చూపెను. ఇక్కడ మనస్సును పరీక్షించినది జ్ఞాపకమువలననే యని గమనింపుడు. ప్రాచీనాంగ్లేయుడు ఈ కథను వినినచో 'మైండ్' అను తన మాటతో దీనిని తేలికగ గ్రహించియుండెడివాడు!

1896లో వెలువడిన తన 'రాజయోగ'మున స్వామి వివేకానంద 'చిత్తము'ను ఉత్త 'మైండ్' అని విడువక 'మైండ్-స్టఫ్' అని యనువదించిరి. ఆ జంటమాటను క్లిఫర్డ్ అను ఆంగ్లగణితవేత్త 1878లో తన తాత్త్వికవ్యాసమున వాడియుండెను. ఆ వ్యాసము వెలువడిన పత్రిక పేరును 'మైండ్' అగుట యొక వింత. 'స్టఫ్' అనగా పదార్థము. ఆ యొక్క చిన్నమాట చేరుటచేత, ఇది ద్రవ్యము, అలలుగ లేచి అణగునది అను సంగతి పాశ్చాత్యపాఠకునకు చురుకుగ తగులును.

ఈ విచారమంతయు ఎందులకందురా? ధ్యానాభ్యాసము మొదలిడిన చదువుకొన్నవారిలో కొందరికి ఒక భయము కలుగుచుండును. మైండ్ అణగిపోయినచో నేనేమగుదును, నశింతునా, వెఱ్ఱివాడనగుదునా అని. ఆంగ్లమున 'మైండ్‌లెస్' అనగా బుద్ధిలేని, తెలివిమాలిన అని యర్థము. ఆలోచన లేక చేయు విధ్వంసమునకు ఆ విశేషణమును తగిలింతురు. గౌడపాదాచార్యులు మాండూక్యకారికలలో 'అమనీభావము' అని చెప్పినది ద్వైతము లోపించిన యుత్తమస్థితి. దీనిని ఆ మాటతో అనువదించిన, యోగి మూఢుడగునని చెప్పినట్లే యగును. సాధకుని భయము ఇట్టి అనువాదములవలన పెరిగినదే. గాఢనిద్రలో సంకల్పవికల్పములు ప్రతిదినమును అణగుచున్నవి. లేచి 'సుఖముగ నిద్రించితిని' అనువాడు ఎక్కడికిని పోలేదు.

'మనసు' అను తెలుగుమాటకును ఒక చిక్కు కలదు. మనము మనసు పడుదుము, మనసు విరుగును, మనసిత్తుము. ఆంగ్లేయుడు ఈ తావులందు 'హార్ట్' అనునేకాని 'మైండ్' అనడు. 'చేంజ్ ఆఫ్ మైండ్' అనగా అనుకొన్న పనిని మార్చుకొనుట. 'చేంజ్ ఆఫ్ హార్ట్' అనగా హృదయపరివర్తనము. ఈ రెండింటిని 'మనసు మారుట' అని వ్రాయు అనువాదకుడు ప్రయాణము మానుకొన్నవానిని, పాపము మానుకొన్నవానిని ఒక్క గాటికి కట్టుచున్నాడు. 'పీస్ ఆఫ్ మైండ్' అను పలుకుబడియందును మెలకువ కావలెను. ఒక వర్ణక్రమమున అది మనశ్శాంతి. అదే ధ్వనిగల వేరొక వర్ణక్రమమున 'పీస్' అనగా ముక్క, ఒకనికి 'ఎ పీస్ ఆఫ్ వన్స్ మైండ్' ఇచ్చుట యనగా వానిని ముఖముమీద చీవాట్లు పెట్టుట. వినునపుడు రెంటికిని భేదము లేదు!

నేడు విరివిగ వినబడు 'మైండ్‌ఫుల్‌నెస్' అను మాటను చెప్పి విరమింతును. పాళీభాషయందలి 'సతి' అను పదమునకు రీస్ డేవిడ్స్ 1881లో ప్రకటించిన బౌద్ధసూత్రానువాదములలో ఈ మాటను నిలిపెను. 1979లో అమెరికాయందలి మాసచూసెట్స్ విశ్వవిద్యాలయ వైద్యకళాశాలలో జాన్ కబట్-జిన్ రోగులకు మనోభారము తగ్గించు శిక్షణ నారంభించిన తరువాత ఆ మాట వైద్యశాలలకును పాకెను. 'సతి' యనగా సంస్కృతమున 'స్మృతి'. అష్టాంగమార్గమున 'సమ్యక్ స్మృతి' యని మనవారు చదువుకొన్నదే. తొలుత జ్ఞాపకమను అర్థము గల ఆంగ్లపదము జ్ఞాపకమను అర్థము గల పాళీపదమునకు తోడైనది కనుక ఈ అనువాదము మెచ్చదగినది. దానిని తెలుగున 'మనఃపూర్ణత' యని మక్కికిమక్కిగ వ్రాసిన మాత్రము బాగుండదు. అందు స్మృతియు లేదు, మెలకువయు లేదు. 'స్మృతి' యనిన మన పాఠకునకు మనుస్మృతి తోచునని కొందరు 'ఎరుక' యనుచున్నారు. మాట చక్కనిదే, అచ్చతెలుగుదే. కాని అచలసంప్రదాయమువారి నడుమ దానిని వాడువారు కొంచెము జాగరూకులై యుండవలెను. వారి పరిభాషలో ఎరుకయే విడువవలసినది, మిగులునది బయలు.