మూడో మనిషి ముందు చెప్పు

గుంటూరు

బుజ్జితల్లికి,

నీ ఉత్తరం కంటే ముందు మీ అమ్మ ఫోను వచ్చింది. నెల్లూరు సంబంధం కూడా వద్దన్నావట. "దాని మనసులో ఎవరో ఉన్నారు వదినగారూ, మీకైతే చెబుతుంది, కాస్త అడగండి" అని అరగంట ఏడ్చింది. ఎవరూ లేరమ్మా అన్నాను. "అయితే కుజదోషమే" అని తేల్చేసి, శ్రీకాళహస్తిలో రాహుకేతు పూజ ఏ వారం చేయిస్తే మంచిదో చెప్పుకొచ్చింది. చేయించనీ. నీకు పోయేదేం లేదు, ఆవిడకి రాత్రిళ్ళు నిద్రన్నా పడుతుంది.

మర్నాడు నీ ఉత్తరం అందింది. నాలుగు పేజీలు చేత్తో రాశావు చూడు, అక్కడికే నా కోపం సగం దిగింది. అక్షరాలు అచ్చం మీ నాన్నవే, ఎడమకి ఒరిగిపోతూ.

నువ్వు రాసిన "అకోయిసెక్సువల్" అన్న మాట నేనెప్పుడూ వినలేదు. తెలియని సెక్షను తగిలితే పుస్తకం తీసేదాకా కూర్చోలేని బుద్ధి కదా నాది, కళ్ళజోడు పెట్టుకుని చదివాను. నాకు అర్థమైంది ఇదీ, తేడా ఉంటే దిద్దు. మనిషి మీద ఆకర్షణ పుడుతుంది. అయితే అవతలి నుంచి అదే తిరిగి రావాలని ఉండదు. వచ్చిందా, ఉన్నది కాస్తా తగ్గిపోతుంది, కొందరికి ఇబ్బందిగా కూడా మారుతుంది. దీన్నే లిథోసెక్సువల్ అని కూడా అంటారు. లిథో అంటే గ్రీకులో రాయి. స్త్రీలని ప్రేమించే స్త్రీల మధ్య "స్టోన్" అనే మాట ముందునుంచే ఉంది, దాని చరిత్ర దానికుంది, అది మాది అని కొందరు అభ్యంతరం చెప్పడంతో అకోయి అనడం మేలనుకున్నారట. ఒంటికి సంబంధించిన ఆకర్షణ విషయంలో కాక, ప్రేమ విషయంలో ఇలా జరిగేవాళ్ళు అకోయిరొమాంటిక్ అని చెప్పుకుంటారు. ఒకటి ఉండి ఒకటి లేనివాళ్ళూ ఉంటారు. నీకు రెండూ సరిపోతాయని రాశావు. "వాళ్ళు సరే అనేదాకా బాగుంటుంది అత్తా, అనగానే లోపల ఏదో ఆరిపోతుంది" అన్నావే, ఆ ఒక్క వాక్యంతో నాకు మొత్తం అర్థమైంది. తెనాలి అబ్బాయి ఫొటో చూసి నువ్వు మురిసిన మురిపెం, వాళ్ళు తాంబూలాలకి రమ్మన్న రోజున నీ మొహం, రెండూ నా కళ్ళముందే ఉన్నాయి.

మీ అమ్మ ఇప్పుడు నిన్ను డాక్టరుకి కూడా చూపిద్దామంటోంది కాబట్టి ఒక సంగతి ఆమెకి కూడా చెప్పాను. అమెరికా మానసిక వైద్యుల సంఘం 2013లో తెచ్చిన డీఎస్ఎం-5 అనే గ్రంథంలో, తక్కువ కోరికని జబ్బుగా రాసే చోటే, మనిషి తనని తాను ఏసెక్సువల్ అని, అంటే లైంగిక ఆకర్షణ లేని లేదా బాగా తక్కువైన మనిషినని చెప్పుకుంటే ఆ రోగనిర్ణయం చేయకూడదని ఉంది. అకోయి, గ్రే, డెమీ ఇవన్నీ ఆ ఏసెక్సువల్ వర్గంలోని చిన్నచిన్న పేర్లే కదా. పేర్లు కొత్తవి. డేవిడ్ జే అనే అమెరికా కుర్రాడు 2001లో ఏవెన్ అనే వేదిక పెట్టాక, అక్కడ మాట్లాడుకున్నవాళ్ళే చాలా పేర్లు పుట్టించారు. మనుషులు మాత్రం కొత్తవాళ్ళు కాదు. కిన్సీ అనే అమెరికా పరిశోధకుడు 1948లో తన లెక్కల్లో ఆడ, మగ ఏ వైపూ మొగ్గనివాళ్ళకి "ఎక్స్" అని విడిగా ఒక గది పెట్టాడు. కెనడాలో ఆంథొనీ బోగర్ట్ అనే ఆచార్యుడు 2004లో, బ్రిటన్‌లో 18,000 మందికి పైగా ఇచ్చిన జవాబులు తిరగేసి, వందలో ఒకరు ఎవరి మీదా ఎన్నడూ ఆకర్షణ కలగలేదన్నారని రాశాడు. అది నీ లెక్క కాదులే, నీకు కలుగుతుంది కదా. మీ అమ్మకి చెప్పడానికి మాత్రం పనికొచ్చింది. "వందలో ఒకరా? మన కులంలో కూడానా?" అంది. మన కులంలో కూడానే అన్నాను.

నా హాస్టలు రూమ్మేటు ఒకావిడ గుర్తొచ్చింది. విశాఖపట్నంలో లా చదివే రోజులు. షటిల్ ఆడే ఒక కుర్రాడంటే ప్రాణం పెట్టేది. అతను ఏ రంగు చొక్కా వేసుకున్నాడో రాత్రి పడుకోబోయే ముందు నాకు అప్పజెప్పేది. ఒకరోజు అతను ఎవరి చేతనో చీటీ పంపించాడు. ఇంకేముంది, మేమంతా మైసూర్‌పాక్ కొనిపించుకుందామని కాచుకున్నాం. ఆవిడ జ్వరమని చెప్పి రాత్రి బండెక్కి కాకినాడ వెళ్ళిపోయింది! తిరిగొచ్చాక అతని పేరెత్తితే తలగడ విసిరేది. మేం వేళాకోళం ఆడాం. ఇప్పటికీ ప్రతి వేసవికీ నాకు మాగాయ పంపుతుంది, పెళ్ళి చేసుకోలేదు, హాయిగా ఉంది. ఆవిడని ఫలానా అని నేను అనలేను. ఈ పేర్ల విషయంలో నాకు నచ్చినది అదే: ఎవరికి వాళ్ళు పెట్టుకోవాలి, పక్కవాళ్ళు అంటించకూడదు. రేపు నీకది సరిపోలేదనిపిస్తే తీసేసే హక్కు కూడా నీదే. ముప్పై ఒకటో ఏట చెప్పుకున్న మాటకి జీవితాంతం కట్టుబడాలని ఎక్కడా లేదు.

ఇక అసలు సంగతి. "అందరూ అడుగుతున్నారు, ఈసారి వచ్చిన సంబంధానికి కళ్ళు మూసుకుని తల వంచేస్తాను, తరవాత అదే సర్దుకుంటుందేమో" అని మూడో పేజీ అడుగున రాశావు. సర్దుకోదు. తల వంచితే వంచు, అది నీ ఇష్టం. చెప్పకుండా మాత్రం వంచకు. ఈ మాట పన్నెండు రకాలుగా చెబుతాను, విసుక్కోకు.

ఒక ఫైలు సంగతి విను. ఊరు, పేర్లు చెప్పను. మంచి ఉద్యోగం, మంచి కుటుంబం. అబ్బాయి తన సంగతి ఎవరికీ చెప్పలేదు, పెళ్ళయితే అంతా మారుతుందని పెద్దవాళ్ళ నమ్మకం. ఎనిమిది నెలలు ఆ పిల్ల తనలోనే ఏదో లోపం ఉందనుకుంటూ అద్దం ముందు కూర్చుంది. తరవాత పోలీసు స్టేషను, కోర్టు, రెండు వైపులా లాయర్లు, అన్నీ అయ్యేసరికి ఇద్దరి జుట్టూ నెరిసింది. వాళ్ళిద్దరిలో చెడ్డవాళ్ళు ఎవరూ లేరు.

హిందూ వివాహ చట్టం 12వ సెక్షన్‌లో, ఒకరి అశక్తత వల్ల కాపురం జరగకపోతే పెళ్ళి రద్దు చేయించుకోవచ్చని ఉంది. నీది అశక్తత కాదని నాకూ నీకూ తెలుసు. కానీ మనసు వల్ల కాపురం సాధ్యం కాకపోయినా అదే లెక్కలోకి వస్తుందని సుప్రీంకోర్టు 1969లోనే చెప్పింది, మా లాయర్లు దాంట్లోకే లాగుతారు. అదే సెక్షన్‌లో ముఖ్యమైన విషయం దాచి ఒప్పుకోలు తీసుకుంటే మోసమని మరో క్లాజు ఉంది. ఇవి తప్పినా, సమర్ ఘోష్ కేసులో 2007లో సుప్రీంకోర్టు మానసిక క్రూరత్వానికి ఉదాహరణలు వరసగా చెప్పింది. సరైన కారణం లేకుండా ఒకరు ఏకపక్షంగా చాలాకాలం సంసారం వద్దనడం అందులో ఒకటి. "నా వల్ల కాదు" అన్న నీ మాట జడ్జీలకి సరైన కారణంగా కనిపిస్తుందా? నేను హామీ ఇవ్వలేను. రెండో వైపు ఇంకా ఘోరం. పద్ధెనిమిది దాటిన భార్య వద్దన్నా భర్త చేసింది అత్యాచారం కాదనే మినహాయింపు కొత్త న్యాయ సంహితలోనూ ఉంచారు. గృహహింస చట్టం ఒకటి ఉంది, 2005ది, లైంగిక హింసని కూడా అందులో చేర్చారు. అంతదాకా వెళ్ళే గతి నా మేనకోడలికి పట్టకూడదు. రాస్తుంటేనే నాకు చెయ్యి వణుకుతోంది, నీ చిన్నప్పుడు జడ గట్టిగా వేస్తేనే ఏడ్చేదానివి.

దీనికి ఎదురు మాట మన హైకోర్టు ఒకసారి అంది. 1983 జూలైలో నేను హైదరాబాదులో ఒక సీనియర్ దగ్గర జూనియర్ని. మదీనా దగ్గర బస్సు దిగి మూసీ వాసన పీలుస్తూ హైకోర్టుకి నడిచేదాన్ని. చెప్పులు రెండు జతలే ఉండేవి, వర్షాకాలమంతా ఒకటి తడిగానే ఉండేది. ఆ నెలలో జస్టిస్ పి.ఎ. చౌదరి గారు సినీనటి సరిత కేసులో తీర్పిచ్చారు. భర్త కాపురానికి రప్పించమని కడప కోర్టుకెక్కాడు. వదిలి వెళ్ళినవాళ్ళని తిరిగి కాపురానికి రమ్మని కోర్టు ఉత్తర్వు ఇవ్వవచ్చనే హిందూ వివాహ చట్టం 9వ సెక్షన్ రాజ్యాంగానికే విరుద్ధమని చౌదరి గారు కొట్టేశారు. తన ఒంటిని ఎప్పుడు, ఎవరికి ఇవ్వాలన్నది మనిషి నిర్ణయం, దాన్ని రాజ్యం చేతుల్లో పెట్టకూడదని ఆ తీర్పు సారం. జడ్జిమెంటు కాపీ చేతులు మారుతూ మా ఛాంబరుకొచ్చింది. మా సీనియర్ "సంసారాలు ఏమైపోవాలి" అని నవ్వాడు. నేను దాన్ని రాత్రంతా చేత్తో నకలు రాసుకున్నాను, ఇప్పటికీ బీరువాలో ఉంది, వచ్చినప్పుడు చూపిస్తాను. తరవాతేడాది సరోజ్ రాణి కేసులో సుప్రీంకోర్టు 9వ సెక్షన్‌ని మళ్ళీ నిలబెట్టింది. మన హైకోర్టులో పుట్టిన ఆ మాట ఏడాదికి మించి ఎంతో కాలం బతకలేదనుకో, అయినా లా పిల్లలకి ఈనాటికీ చెబుతారు.

చట్టాన్ని నమ్ముకోలేం, కాబట్టి ముందే చెప్పు. ఎలా చెప్పాలో కూడా రాస్తున్నాను. అబ్బాయికి ఈ గ్రీకు పేర్లు వద్దు, వెంటనే ఫోనులో వెతుక్కుని ఏదేదో చదువుతాడు. "నాకు నువ్వు నచ్చావు, నచ్చానని నువ్వంటే నా ఇష్టం తగ్గిపోయే స్వభావం నాది, భార్యాభర్తల దగ్గరితనం నా వల్ల కాకపోవచ్చు" అని తెలుగులో చెప్పు. లగ్నపత్రిక రాయకముందే. వాట్సాప్‌లో కాదు, ఎదురుగా. మూడో మనిషి ముందు. ఆ మూడో మనిషి మీ అమ్మ కాకూడదు, ఏడుస్తుంది. పెళ్ళిళ్ళ పేరయ్య అసలే కాకూడదు, మర్నాటికి జిల్లా అంతా చాటుతాడు. నన్ను పిలువు. నేను కాస్త దూరంగా కూర్చుని కాఫీ తాగుతాను, వినపడేంత దూరంలో. అతను "ఆలోచించుకుంటాను" అంటే మంచిదే, నెల రోజులు ఇద్దాం. "పెళ్ళయితే అదే కుదురుకుంటుంది" అని నవ్వాడంటే లేచి వచ్చేద్దాం, బిల్లు నేనిస్తాను. విన్నాననీ, అర్థమైందనీ అన్నాడంటే, ఆ రాత్రే నువ్వొక మెసేజి పెట్టు: ఇవాళ మాట్లాడుకున్నది ఇదీ అని. అతని జవాబు జాగ్రత్త చేయి. నన్ను తిట్టుకుంటున్నావు కదూ? నాకు పిల్లలు లేరు, నీ కోసం కాకపోతే ఈ చాదస్తం ఎవరి కోసం దాచుకోను.

నీలాంటివాళ్ళే ఒకరినొకరు వెతుక్కునే దారి కూడా ఉందట. ఢిల్లీ డాక్టరు ప్రగతి సింగ్ "ఇండియన్ ఏసెస్" అనే బృందాన్ని మొదలుపెట్టారు. 2019లో బీబీసీ వందమంది మహిళల జాబితాలో ఆవిడ ఉన్నారు. నీకు తెలిసే ఉంటుంది. ఒకరి నుంచి ఒకరు అదేదీ ఆశించని ఇద్దరు కలిసి ఇల్లు నడుపుకుంటే మీ నాన్నకి చెప్పే పూచీ నాది. అసలు పెళ్ళే వద్దంటావా, అప్పుడూ నాదే.

చివర అడిగావు, పెళ్ళి లేకుండా బిడ్డని పెంచుకోవచ్చా అని. నిక్షేపంగా. పెళ్ళికాని ఆడదానికి 1956 దత్తత చట్టంలోనే ఆ హక్కుంది. ప్రభుత్వ సంస్థ కారా ద్వారా వెళితే, ఒంటరి స్త్రీకి ఆడపిల్లనైనా మగపిల్లవాణ్ణైనా ఇస్తారు. రెండేళ్ళ లోపు బిడ్డ కావాలంటే ఒంటరి వాళ్ళకి నలభై దాటకూడదు. ఇద్దరి మధ్య కనీసం ఇరవై అయిదేళ్ళ తేడా ఉండాలి. వరసలో నిరీక్షణ చాలా ఉంటుంది కాబట్టి, మనసులో గట్టిగా ఉంటే ఇంకో రెండేళ్ళలో పేరు నమోదు చేయించుకో. పాన్ కార్డు, ఆదాయం కాగితాలు, డాక్టరు సర్టిఫికెట్ సిద్ధం చేసి ఉంచు. సంక్రాంతికి వచ్చేటప్పుడు జిరాక్సులు తీసుకురా, ఫారం నేను చూస్తాను.

నీ
అత్తయ్య