సెక్రటరీ ఆఫ్ స్టేట్ ఆఫీసు: మనవాళ్లకు నా అనుభవ పాఠాలు

అమెరికాలో సెక్రటరీ ఆఫ్ స్టేట్ అనగానే వాషింగ్టన్‌లో విదేశీ వ్యవహారాలు చూసే మంత్రి గుర్తొస్తారు. నేను చెప్పేది ఆ పదవి గురించి కాదు. రాష్ట్రాల్లో విడిగా ఇదే పేరుతో ఇంకో పదవి ఉంది. 50 రాష్ట్రాల్లో 47 చోట్ల ఉంది. అలాస్కా, హవాయి, యూటాల్లో మాత్రం ఆ బాధ్యతలు లెఫ్టినెంట్ గవర్నరు చూస్తారు. కాలిఫోర్నియాలో నేను చాలాకాలం నోటరీగా పనిచేశాను. నోటరీ కమిషన్ ఇచ్చేది శాక్రమెంటోలోని ఈ ఆఫీసే. ఆ పనిలో మనవాళ్ల కాగితాలు ఎన్నో నా చేతుల మీదుగా వెళ్లాయి. అందులో తెలుసుకున్నవి, కొత్తగా వచ్చినవాళ్లకు పనికొస్తాయని రాస్తున్నాను.

1. ఏ పని ఎక్కడ అవుతుందో ముందు మీ రాష్ట్రంలో కనుక్కోండి.

మన దగ్గర ఓట్ల జాబితాకు ఎన్నికల సంఘం, కంపెనీకి రిజిస్ట్రార్ ఆఫ్ కంపెనీస్, లైసెన్సుకు ఆర్టీఓ. ఇక్కడ ఇవన్నీ ఒకే గొడుగు కింద ఉండొచ్చు, ఉండకపోవచ్చు. ఇల్లినాయిస్, మిషిగన్‌లలో డ్రైవింగ్ లైసెన్సు కూడా సెక్రటరీ ఆఫ్ స్టేటే ఇస్తారు. కాలిఫోర్నియాలో దానికి డీఎంవీ అనే వేరే శాఖ ఉంది. న్యూజెర్సీలో కంపెనీ రిజిస్ట్రేషన్‌కు ట్రెజరీ శాఖకు వెళ్లాలి. చికాగోలో ఉన్న చుట్టం చెప్పింది నమ్మి న్యూజెర్సీలోని ఎడిసన్‌లో పని మొదలుపెడితే తిరుగుడు తప్పదు.

2. నోటరీ ముద్ర అంటే మనిషి ఎదురుగా నిలబడ్డాడని సాక్ష్యం.

నా దగ్గరికి వచ్చిన తెలుగువాళ్లలో ఎక్కువమందిది ఒకటే పని. హైదరాబాద్‌లోనో గుంటూరులోనో ఉన్న ఫ్లాటు, స్థలం అమ్మడానికి అన్నకో బావమరిదికో పవర్ ఆఫ్ అటార్నీ పంపాలి. భార్యాభర్తల పేర్ల మీద ఆస్తి ఉంటుంది, వచ్చేది మాత్రం భర్త ఒక్కడే. "మా ఆవిడ సంతకం పెట్టించుకొచ్చాను, మీరు ముద్ర వేసేయండి అంకుల్" అంటాడు. వేయకూడదు. ఆమె రావాలి, పాస్‌పోర్టో లైసెన్సో చూపించాలి. జర్నల్ అని ఒక పుస్తకం ఉంటుంది. అందులో తేదీ, వేళ, పత్రం ఏమిటో, ఏ గుర్తింపు కార్డు చూశానో రాసి ఆమె చేత సంతకం పెట్టించాలి. పవర్ ఆఫ్ అటార్నీ అయితే కాలిఫోర్నియా చట్టం ప్రకారం కుడి బొటనవేలి ముద్ర కూడా వేయించాలి. ఇంత చదువుకుని వేలిముద్ర ఏమిటండీ అని చిన్నబుచ్చుకున్నవాళ్లున్నారు. రేపు ఆ ఆస్తి మీద తగాదా వస్తే ఆమెను కాపాడేది ఆ ముద్రే. ఆమెకు తెలియకుండా ఆమె వాటా అమ్ముడుపోకుండా ఆపేదీ అదే.

3. అపోస్టిల్ ఏం చెబుతుందో, ఏం చెప్పదో తెలుసుకోండి.

నోటరీ అయ్యాక పత్రాన్ని సెక్రటరీ ఆఫ్ స్టేట్‌కు పంపితే, కాలిఫోర్నియాలో 20 డాలర్ల ఫీజుతో, దానికి అపోస్టిల్ అనే ధ్రువపత్రం జతచేస్తారు. 1961 నాటి హేగ్ ఒప్పందంలోది ఇది. భారతదేశంలో 2005 నుంచి అమల్లో ఉంది. ఆ నోటరీ నిజంగా నోటరీయే, ఆ సంతకం, ముద్ర అతనివే అని మాత్రమే అది చెబుతుంది. లోపల రాసిన సర్వే నంబరు సరైనదా, ఆస్తి మీదేనా అన్నది ఎవరూ చూడరు. కాబట్టి ముసాయిదా అక్కడి లాయరు చేత రాయించుకునే రండి.

ఇంకో మాట. టెక్సస్‌లో పుట్టిన పిల్లాడి బర్త్ సర్టిఫికెట్‌కు శాక్రమెంటోలో అపోస్టిల్ ఇవ్వరు, ఆస్టిన్‌కే పంపాలి. ఎఫ్‌బీఐ ఇచ్చిన పత్రానికైతే వాషింగ్టన్‌లోని విదేశాంగ శాఖ. పవర్ ఆఫ్ అటార్నీ ఇండియా చేరాక 3 నెలల్లోపు స్టాంపు డ్యూటీ కట్టించాలని మన స్టాంపుల చట్టం చెబుతోంది. అన్నీ సరిగ్గా చేసి, కవరు బీరువాలో పెట్టి మరిచిపోయే కుటుంబాలు తక్కువేమీ కాదు.

4. ఎల్‌ఎల్‌సీ పెట్టడం తేలిక, నిలబెట్టుకోవడమే పని.

కాలిఫోర్నియాలో ఎల్‌ఎల్‌సీ పెట్టాక 90 రోజుల్లోపు, ఆ తర్వాత రెండేళ్లకోసారి స్టేట్‌మెంట్ ఆఫ్ ఇన్ఫర్మేషన్ ఇవ్వాలి. ఫీజు 20 డాలర్లు. ఇవ్వకపోతే జరిమానా 250. పట్టించుకోకుండా సస్పెండ్ అయ్యే దాకా తెచ్చుకుంటే కోర్టులో దావా వేయడానికీ, మీ మీద వేసిన దావాలో వాదించుకోవడానికీ వీలుండదు. సర్కారు ఉత్తరంలా కనిపించే కవర్లు కూడా వస్తుంటాయి, వంద రెండొందల డాలర్లు పంపమని. అడుగున సన్నటి అక్షరాల్లో తాము ప్రభుత్వం కాదని ఉంటుంది. చెక్కు రాసేముందు సెక్రటరీ ఆఫ్ స్టేట్ వెబ్‌సైట్‌లో మీ కంపెనీ పేరు కొట్టి, నిజంగా బాకీ ఉందేమో చూసుకోండి.

5. రెస్టారెంటో గ్రాసరీ షాపో కొనేముందు యూసీసీ రికార్డు వెతికించండి.

అప్పిచ్చిన బ్యాంకు ఆ షాపులోని ఫ్రీజర్లు, పొయ్యిలు, సరుకు మీద తన హక్కును ఈ ఆఫీసులో నమోదు చేస్తుంది; అదే యూసీసీ రికార్డు. మామూలుగా ఆ నమోదు 5 ఏళ్లు చెల్లుతుంది. అమ్మేవాడు మనూరివాడే కావచ్చు, గుడిలో పరిచయమే కావచ్చు. రికార్డు చూడకుండా అడ్వాన్సు ఇవ్వొద్దు.

6. గ్రీన్‌కార్డు ఉన్నవాళ్లు ఓటరు నమోదు గడి జోలికి పోకండి.

1993 చట్టం వచ్చాక చాలా రాష్ట్రాల్లో లైసెన్సు తీసుకునే చోటే ఓటరుగా నమోదు చేస్తున్నారు. తొందరలో టిక్కు పెడితే, ఆ తర్వాత ఓటు కూడా వేస్తే, పౌరసత్వం వచ్చే అవకాశం పోగొట్టుకోవచ్చు, దేశం విడిచి వెళ్లాల్సీ రావచ్చు. పౌరులం కాదని రాసినా పేరు ఎక్కే ప్రమాదం ఉంది. సాఫ్ట్‌వేర్ లోపం వల్ల అలాంటి 500 మందికి పైగా వివరాలు ఎన్నికల బోర్డుకు వెళ్లిపోయాయని 2020లో ఇల్లినాయిస్‌లో బయటపడింది. మీ ఇంటికి ఓటరు కార్డు వస్తే సంబరపడకుండా వెంటనే రాతపూర్వకంగా రద్దు చేయించుకోండి, ఆ కాగితం దాచుకోండి.

7. ఇంట్లో హింస ఉంటే ఈ ఆఫీసు చిరునామాను దాచిపెడుతుంది.

ఇది మన ఆడపిల్లల్లో చాలామందికి తెలియదు. కొట్టే భర్త నుంచి బయటపడిన స్త్రీకి అసలు చిరునామా బదులు వాడుకోవడానికి రాష్ట్రమే ఒక చిరునామా ఇస్తుంది. ఉత్తరాలు అక్కడికి వస్తే, వాళ్లు ఆమెకు చేరుస్తారు. ఈ పథకాన్ని 1991లో వాషింగ్టన్ రాష్ట్రం మొదలుపెట్టింది. కాలిఫోర్నియాలో దీని పేరు సేఫ్ ఎట్ హోమ్. మన తెలుగు సంఘాలు పండగ పోస్టర్ల పక్కన ఈ సమాచారం కూడా అంటించాలని ఎన్నాళ్లుగానో అడుగుతున్నాను.

8. లెక్క రాసే మనిషి ఎవరో చూసుకోండి.

2020 ఎన్నికల్లో జార్జియాలో బైడెన్ ఆధిక్యం 11,779 ఓట్లు. సుమారు 50 లక్షల బ్యాలట్లను చేత్తో మళ్లీ లెక్కించారు, ఫలితం మారలేదు. 2021 జనవరి 2న ట్రంప్ ఫోన్ చేసి 11,780 ఓట్లు వెతికిపెట్టమన్నప్పుడు, సెక్రటరీ ఆఫ్ స్టేట్ బ్రాడ్ రాఫెన్స్‌పెర్గర్ తన పార్టీకే చెందిన దేశాధ్యక్షుడి మాట కాదని, లెక్కకే కట్టుబడ్డారు. అక్కడ ఓట్లు లెక్కించేది కౌంటీలు. వాటిని కూడి, సరిచూసి, రాష్ట్రం తరఫున సంతకం పెట్టేది ఈ పదవిలో ఉన్నవాళ్లు. నా నోటరీ పుస్తకానికీ ఆయన లెక్కకూ నియమం ఒకటే: జరిగింది రాయాలి, జరగనిది రాయకూడదు.

అందరూ అలా ఉంటారన్న భరోసా లేదు, వ్యవస్థ కూడా అందుకు సాయపడటం లేదు. 2000లో ఫ్లోరిడాలో 537 ఓట్ల తేడాతో బుష్ గెలిచారని ప్రకటించిన క్యాథరిన్ హారిస్, ఆ రాష్ట్రంలో ఆయన ప్రచార కమిటీకి సహాధ్యక్షురాలు. 2018లో జార్జియాలో బ్రయన్ కెంప్, 2022లో అరిజోనాలో కేటీ హాబ్స్ ఈ పదవిలో ఉండగానే గవర్నరుకు పోటీ చేశారు. ఒకరు రిపబ్లికన్, ఒకరు డెమొక్రాట్. ఎవరు చేసినా ఇది తప్పే. తన ఎన్నికకు తానే పెద్దగా ఉండకూడదని చట్టమే చెప్పాలి.

9. బ్యాలట్ చివరి దాకా చదవండి.

టెక్సస్ లాంటి చోట్ల గవర్నరే నియమిస్తారు గానీ, 30కి పైగా రాష్ట్రాల్లో ఈ పదవిని ఓటర్లే నింపుతారు. ఆరెగన్, వయోమింగ్‌లలో గవర్నరు తప్పుకుంటే కుర్చీ ఎక్కేది వీళ్లే. 2009లో అరిజోనాలో జాన్ బ్రూవర్, 2015లో ఆరెగన్‌లో కేట్ బ్రౌన్ అలాగే గవర్నర్లయ్యారు. కాలిఫోర్నియా, జార్జియా, ఇల్లినాయిస్, మిషిగన్, ఒహాయోల్లో ఈ ఎన్నిక అధ్యక్షుడి ఎన్నికతో రాదు. 2018, 2022, 2026, ఇలా మధ్య సంవత్సరాల్లో వస్తుంది. సరిగ్గా ఆ ఏడాదే మనవాళ్లు ఓటు వేయడం మానేస్తారు. పౌరసత్వం వచ్చినవాళ్లకు నా మనవి: ఆ పేరు ఎదురుగా ఉన్న గడి ఖాళీగా వదలకండి. అభ్యర్థి ఏ పార్టీ అన్నదానికన్నా, ఓడిపోయినప్పుడు లెక్కను ఒప్పుకున్న మనిషేనా అన్నది చూసి వేయండి.