పాఠం 9: వంట సోడా, పుల్లని రసాలు, పొంగే వాయువు

9.1 పరిచయం

కలకత్తాకు నైరుతి దిక్కున, హుగ్లీ నది తూర్పు గట్టున బడ్జ్ బడ్జ్ అనే పట్టణం ఉంది. ఆ నది పొడవునా ఉన్న జూట్ మిల్లుల్లో పని కోసం ఇప్పటి శ్రీకాకుళం, విజయనగరం, గంజాం జిల్లాల ప్రాంతాల నుంచి ఎందరో తెలుగువారు తరతరాలుగా వలస వెళ్లారు. బడ్జ్ బడ్జ్‌లో జూట్ మిల్లులతోపాటు చమురు నిల్వ చేసే పెద్ద పెద్ద ట్యాంకులు కూడా ఉన్నాయి. ఒకవైపు ఎండిన నార, ఒకవైపు చమురు. రెండింటికీ నిప్పే శత్రువు.

మిల్లుల్లో, ఆఫీసుల్లో, సినిమా హాళ్లలో గోడకు వేలాడే ఎర్రని మంటలార్పే సిలిండరును మీరు చూసే ఉంటారు. పాతకాలపు సిలిండర్లలో చాలావాటిలో ఉండేది, మీరు బజ్జీల పిండిలో వేసే వంట సోడాయే. వంటింటి సోడాకూ మంటలకూ సంబంధం ఏమిటో ఈ పాఠంలో తెలుసుకుందాం.

ఈ కృత్యాలకు ప్రయోగశాల అక్కరలేదు. వంట సోడా, వెనిగర్, గాజు గ్లాసు, లోతైన గిన్నె, పొట్టి కొవ్వొత్తి, అగ్గిపెట్టె, పసుపు ఉంటే చాలు. వెనిగర్ దొరకకపోతే నిమ్మరసం వాడండి. మన ఇళ్లలో నిమ్మకాయ దొరికినంత తేలికగా వెనిగర్ దొరకదు కదా!

9.2 సోడాను పుల్లని రసంలో వేస్తే

కృత్యం 1: గాజు గ్లాసులో పావు వంతు వెనిగర్ పోయండి. గ్లాసును పళ్లెంలో పెట్టి, అందులో అర చెంచా వంట సోడా వేయండి. ఏం జరిగింది? బుస్సుమని నురగ పైకి పొంగింది. ఇప్పుడు గ్లాసు బయటి వైపు చేత్తో తాకి చూడండి. కొంచెం చల్లగా అనిపిస్తుంది. రసాయన చర్య అనగానే వేడి పుడుతుందని చాలామంది అనుకుంటారు. ఈ చర్య మాత్రం చుట్టూ ఉన్న వేడిని తీసుకుంటుంది.

వంట సోడా రసాయన నామం సోడియం బైకార్బొనేట్. వెనిగర్‌లో ఉన్నది ఎసిటిక్ ఆమ్లం. ఈ రెండూ కలిసినప్పుడు జరిగే చర్య ఇది:

సోడియం బైకార్బొనేట్ + ఎసిటిక్ ఆమ్లం → సోడియం ఎసిటేట్ + నీరు + కార్బన్ డయాక్సైడ్

బుడగలుగా వచ్చేది కార్బన్ డయాక్సైడ్. నిమ్మరసంలో సిట్రిక్ ఆమ్లం, చింతపండులో టార్టారిక్ ఆమ్లం, పుల్ల మజ్జిగలో లాక్టిక్ ఆమ్లం ఉంటాయి. వీటిలో ఏది సోడాతో కలిసినా ఇదే వాయువు వస్తుంది. పుల్లని పెరుగుతో కలిపిన పిండిలో సోడా వేయగానే పిండి పొంగడానికి కారణం ఇదే.

పులుపు లేని పిండిలో కూడా బజ్జీ గుల్లబారుతుంది కదా అని మీకు సందేహం రావచ్చు. మంచి సందేహమే. వంట సోడాను వేడి చేస్తే ఆమ్లం లేకుండానే విడిపోయి కార్బన్ డయాక్సైడ్, నీరు, సోడియం కార్బొనేట్ ఇస్తుంది. సోడియం కార్బొనేట్ అంటే బట్టల సోడా. సోడా ఎక్కువైన బజ్జీకి సబ్బు రుచి వచ్చేది అందువల్లనే. పప్పు త్వరగా ఉడకడానికి సోడా వేసే అలవాటు కొన్ని ఇళ్లలో ఉంది. దానివల్ల పప్పులోని బి1 విటమిన్ నశిస్తుంది. కట్టెలు ఆదా అవుతాయి గాని పోషకం పోతుంది. పప్పును ముందుగా నానబెట్టుకోవడమే మేలు.

9.3 ఎంత సోడాకు ఎంత వాయువు?

84 గ్రాముల వంట సోడా 60 గ్రాముల ఎసిటిక్ ఆమ్లంతో పూర్తిగా చర్య జరిపి 44 గ్రాముల కార్బన్ డయాక్సైడ్ ఇస్తుంది. చెంచా నిండా తలకొట్టి తీసిన సోడా సుమారు 4.2 గ్రాములు అనుకుందాం. ఇది 84లో ఇరవయ్యో వంతు. కాబట్టి కావలసిన ఆమ్లం 60లో ఇరవయ్యో వంతు, అంటే 3 గ్రాములు. 100 మిల్లీలీటర్ల వెనిగర్‌లో 4 గ్రాముల ఆమ్లం ఉంటే, 3 గ్రాముల కోసం 75 మిల్లీలీటర్లు పోయాలి. వచ్చే వాయువు 2.2 గ్రాములు.

2.2 గ్రాములేనా అని తేలికగా తీసుకోకండి. మామూలు ఉష్ణోగ్రత వద్ద ఆ వాయువు సుమారు లీటరుంపావు చోటు ఆక్రమిస్తుంది. చిన్న సీసాలో ఈ రెండూ పోసి మూత బిగిస్తే ఆ వాయువు ఎటు పోతుంది? సీసా పగులుతుంది. గాజు ముక్కలు కళ్లలోకి ఎగురుతాయి. అందుకే ఈ కృత్యాలను ఎప్పుడూ మూత లేని పాత్రలోనే చేయాలి. పిల్లలు చేస్తుంటే పక్కనే ఉండండి.

ఇదే వాయువును తగినంత పీడనంతో నీటిలోకి పంపితే సోడా నీరు అవుతుంది. గోలీ సోడా సీసాలో గోలీని లోపలి నుంచి మూతికి అదిమి పట్టి ఉంచేది ఈ వాయువే. ఆ సీసాకు 1872లో హైరం కాడ్ అనే ఇంగ్లీషువాడు పేటెంటు పొందాడు.

9.4 మంట ఎందుకు ఆరింది?

కృత్యం 2: ఫ్యాను ఆపండి. లోతైన గిన్నె అడుగున పొట్టి కొవ్వొత్తిని నిలబెట్టండి. దాని చుట్టూ రెండు చెంచాల సోడా చల్లి, కొవ్వొత్తి వెలిగించండి. వత్తి మీద పడకుండా గిన్నె అంచు వెంట వెనిగర్ మెల్లగా పోయండి. నురగ వత్తిదాకా రాకముందే మంట ఆరిపోతుంది. వెలిగించిన అగ్గిపుల్లను గిన్నెలోకి దించండి. అదీ ఆరుతుంది.

కార్బన్ డయాక్సైడ్ గాలికంటే ఒకటిన్నర రెట్లు బరువైనది. అందువల్ల గిన్నె అడుగున నిలిచి, ఆక్సిజన్ ఉన్న గాలిని పైకి నెట్టేస్తుంది. ఆక్సిజన్ అందని మంట బతకదు. మనిషీ అంతే. ధాన్యం పాతర తెరవగానే దిగకూడదని పెద్దలు చెప్పేది ఇందుకే. లోపలి గింజలు కూడా శ్వాసించి ఈ వాయువునే వదులుతాయి. పాడుబడ్డ బావుల అడుగునా ఇలాంటి వాయువులు చేరవచ్చు. దీపం దించి చూడటం పాత పద్ధతి. దీపం ఆరితే దిగరాదు. ఆరకపోయినా, నడుముకు తాడు లేకుండా, గట్టున మనుషులు లేకుండా దిగరాదు. మరుగుదొడ్డి ట్యాంకు సంగతి వేరు. దానిలో మండే వాయువు, విష వాయువు రెండూ ఉంటాయి. అక్కడికి దీపం తీసుకువెళ్లనే కూడదు. లోపల పడిపోయిన మనిషి కోసం వెంటనే దూకినవారు కూడా ప్రాణాలు పోగొట్టుకున్న సంఘటనలు పత్రికల్లో తరచు చూస్తుంటాం.

ఇక ఎర్ర సిలిండరు సంగతి చూద్దాం. పాత సోడా-ఆమ్ల సిలిండరులో వంట సోడా ద్రావణం ఉండేది. దానిలోపల చిన్న సీసాలో సల్ఫ్యూరిక్ ఆమ్లం ఉండేది. మొన కొట్టగానే సీసా పగిలి రెండూ కలిసేవి. పుట్టిన వాయువు నీటిని వేగంగా బయటికి చిమ్మేది. నారకు, కట్టెకు అంటుకున్న మంటకు ఇది సరిపోయేది. చమురు మంటకు సరిపోదు. నీరు చమురు కిందికి చేరి ఆవిరై, మండే చమురును నలువైపులా ఎగజిమ్ముతుంది. చమురు బావులకు పేరుపొందిన బాకూ నగరంలో ఉపాధ్యాయుడుగా పనిచేసిన అలెగ్జాండర్ లోరాన్ ఈ సమస్యకు పరిష్కారం వెతికాడు. వంట సోడా, అల్యూమినియం సల్ఫేట్ ద్రావణాలను, నురగను నిలిపే పదార్థంతో కలిపాడు. అలా వచ్చిన నురగ చమురు మీద తేలి దుప్పటిలా కప్పింది. ఇది 20వ శతాబ్ది తొలి సంవత్సరాల మాట. ఆ పాత సిలిండర్లు ఇప్పుడు వాడుకలో లేవు. అయితే కొన్ని పొడి సిలిండర్లలో సోడియం బైకార్బొనేట్ పొడి ఇప్పటికీ ఉంటుంది.

మీ మూకుడులోని నూనె అంటుకుంటే నీళ్లు పోయకండి. పొయ్యి ఆపి, సరిపడే మూత పెట్టండి. మంట చిన్నదైతే గుప్పెళ్లతో వంట సోడా చల్లవచ్చు. పిండి మాత్రం చల్లకండి, అదే అంటుకుంటుంది.

9.5 తెల్లని పొడులన్నీ ఒకటి కావు

వంట సోడా, బట్టల సోడా చూడటానికి ఒకేలా ఉంటాయి. కాగితానికి తడి పసుపు పూసి ఆరబెట్టండి. దానిమీద రెండింటి ద్రావణాలను చెరొక చుక్క వేయండి. బట్టల సోడా చుక్క ముదురు ఎరుపుగా మారుతుంది. వంట సోడా చుక్క రంగు అంతగా మారదు. నాలుకతో రుచి చూసి పోల్చుకోవద్దు. అది కాస్టిక్ సోడా అయితే నోరు కాలుతుంది.

సోడా, వెనిగర్ కలిపిన నురగతో సామాన్లు బాగా శుభ్రపడతాయని అంటారు. నురగ తగ్గాక మిగిలేది చాలావరకు ఉప్పునీరు వంటి ద్రావణమే. విడివిడిగా వాడితేనే రెండింటికీ పని ఉంటుంది. వెనిగర్‌ను గాని, మరే ఆమ్లాన్ని గాని బ్లీచింగ్ పౌడరుతో కలపకండి. ప్రాణం తీసే క్లోరిన్ వాయువు వస్తుంది.

కడుపు ఉబ్బరానికి సోడా నీరు కలుపుకు తాగేవారు ఉన్నారు. జీర్ణాశయంలోని ఆమ్లంతో చర్య జరిగి తేన్పు వస్తుంది, హాయిగా ఉంటుంది. కాని ఒక చెంచా సోడాలో ఒక గ్రాముకు పైగా సోడియం ఉంటుంది. రోజు మొత్తానికి 2 గ్రాముల లోపే తీసుకోవాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతోంది. రక్తపోటు, మూత్రపిండాల జబ్బు ఉన్నవారు డాక్టరును అడగనిదే దీన్ని తాగరాదు.

మీ ప్రగతిని సరిచూసుకోండి

1. 2.1 గ్రాముల వంట సోడాకు 4 శాతం వెనిగర్ ఎంత కావాలి?
2. కృత్యం 2ను పళ్లెంలో చేస్తే మంట ఆరడం ఎందుకు కష్టం?
3. పులుపు లేని పిండిలో సోడా ఎలా పనిచేస్తుంది?

జవాబులు

1. 37.5 మిల్లీలీటర్లు.
2. పళ్లేనికి లోతు లేదు. బరువైన వాయువు మంట చుట్టూ నిలవకుండా అంచులు దాటి జారిపోతుంది.
3. వేడికి విడిపోయి కార్బన్ డయాక్సైడ్ ఇస్తుంది.