చెరువు నత్త: దాని వర్గము, జీవనము

శంఖమునెరుగనివారు మనలో లేరు. చెరువుగట్టున నత్తను చూడనివారును అరుదు. ఒకటి సముద్రమున పుట్టినది. రెండవది సంగారెడ్డి, పటాన్‌చెరువు ప్రాంతములవలె సముద్రమునకు మిక్కిలి దూరమైన సీమల చెరువులలోను వరిమళ్లలోను బ్రతుకునది. అయినను ఈ రెండును బంధువులే. వీని చుట్టరికమును, చెరువు నత్త బ్రతుకు తీరును ఇచ్చట వివరింతుము.

ఎముకలులేని మెత్తని దేహముగల ఈ జీవులను శాస్త్రజ్ఞులు మొలస్కా వర్గమున చేర్చిరి. అందు కడుపు క్రింది భాగమే పాదముగా ప్రాకునవి గాస్ట్రోపోడా విభాగమునకు చెందును. శంఖపు నత్తకు 1767లో లిన్నేయసు పండితుడు పేరు పెట్టెను. నేడు దానిని టర్బినెల్లా పైరమ్ అందురు. పైరమ్ అనగా లాటిను భాషలో బేరిపండు. మన చెరువు నత్తలలో ముఖ్యమైనది పైలా గ్లోబోసా. దీనిని 1822లో స్వైన్‌సన్ అను పండితుడు వర్ణించెను. పైలా అనగా బంతి; గ్లోబోసా అనగా గుండ్రనిది. ఆకారమే పేరైనది.

చిప్పను చూచి మాత్రమే కుటుంబమును నిర్ణయింపరాదు. నోటిలోని దంతపట్టికనుగూడ చూడవలెను. చెరువు నత్తకు వరుసకు 7 పండ్లుండును. వానితో నీటిమొక్కలను గీకి తినును. శంఖమునకు వరుసకు 3 మాత్రమే. అది ఇసుకలోని పురుగులను వేటాడును. కావున మొదటిది ఆంపుల్లారియిడే కుటుంబమునను, రెండవది టర్బినెల్లిడే కుటుంబమునను చేరినవి.

శంఖము మొప్పతో మాత్రమే శ్వాసించును. చెరువు నత్తకన్ననో కుడివైపున మొప్పయు, ఎడమవైపున ఊపిరితిత్తియు కలవు. నీటిలో ప్రాణవాయువు తగ్గినప్పుడు అది మెడప్రక్కనున్న కండను గొట్టమువలె చుట్టి, నీటిపైకి చాచి గాలి పీల్చుకొనును. వేసవిలో చెరువెండగా బురదలో దూరి, సున్నపుమూతతో వాకిలి మూసికొని, వానలు వచ్చువరకు నిద్రించును. ఈ నత్త శరీరనిర్మాణమును డాక్టరు బైనీ ప్రసాదు 1925లో విపులముగా ప్రకటించెను.

దీని మొప్పగదికి పోవు నీటిత్రోవలో ఆస్ఫ్రేడియమ్ అను చిన్న అవయవము కలదు. లోనికి వచ్చు నీటి గుణమును పరీక్షించుట దాని పని. నీరు చెడినదని తెలిసినచో నత్త మూత వేసికొనవచ్చును. కాని ఎన్నాళ్లు? ఆకలి గొన్నప్పుడు మరల తెరువక తప్పదు. ఊపిరితిత్తి గాలి కొరతను తీర్చునేగాని నీటిలో కరగిన విషమును తొలగింపజాలదు.

ఈ విషయము మన ప్రాంతమునకు మిక్కిలి ముఖ్యము. పటాన్‌చెరువు సమీపమున మందుల కర్మాగారముల మురుగును శుద్ధిచేయు కేంద్రమునుండి వెలువడిన నీటిని స్వీడన్ దేశ శాస్త్రజ్ఞులు పరీక్షించి 2007లో ఫలితములను ప్రకటించిరి. లీటరు నీటిలో సిప్రోఫ్లాక్సాసిన్ అను ఔషధము 31 మిల్లీగ్రాములవరకు కనబడెను. ఆ మందు మ్రింగిన రోగి రక్తములో ఉండు పరిమాణముకంటె ఇది అధికము! ఆ కాలమున అట్టి నీరు వాగులలోనికి విడువబడుచుండెను. నక్కవాగు మంజీరలో కలియును. మంజీర గోదావరిని చేరును. మందు రోగికి మేలు చేయునదే. వాగులో పడినప్పుడు మాత్రము అది మందు కాదు.

కావున, విద్యార్థులారా, చెరువున నత్త కనబడినంతమాత్రమున నీరు పరిశుద్ధమని తలంపకుడు. గాలి పీల్చుటకు అది మాటిమాటికి పైకి వచ్చుచున్నదా? ఖాళీ చిప్పలు గట్టున కుప్పలుగా పడియున్నవా? పెద్దల తోడుతో గట్టుననే నిలిచి చూచి, తేదీతో వ్రాసికొనుడు. ప్రతి ఋతువునందును ఇట్లు చేసినచో మీ ఊరి చెరువునకు ఒక చరిత్ర ఏర్పడును. తలిదండ్రులును ఆ పుస్తకమును చదువుదురుగాక. నత్త తన వాకిలిని మూసికొనగలదు. చెరువునకు వాకిలి లేదు. దానిని కాయవలసినవారము మనమే.