సెయింట్ క్రోయ్ నేలబల్లి

బల్లి అనగానే గోడమీద పాకే జీవి మన తలపునకు వస్తుంది. కంచెమీద తల ఆడించే తొండ, పొదలమాటున తిరిగే ఉడుము కూడా మనకు తెలిసినవే. గోడలను, చెట్లను ఆశ్రయించక జీవితమంతా నేలమీదనే గడిపే బల్లులు కూడా ప్రపంచంలో అనేకం ఉన్నాయి. వాటిలో సెయింట్ క్రోయ్ నేలబల్లి ఒకటి. ఈ అల్పప్రాణి చరిత్రతో మన దేశానికి కూడా ఒక సంబంధం ఉన్నది.

కరీబియన్ సముద్రంలోని వర్జిన్ దీవులలో సెయింట్ క్రోయ్ ఒకటి. 1917 వరకు డెన్మార్క్ పాలనలో ఉన్న ఈ ఉష్ణమండల ద్వీపం ఆ సంవత్సరమే అమెరికా సంయుక్త రాష్ట్రాల అధీనంలోకి వచ్చింది. ఇక్కడా, దీని తీరానికి చేరువలోని చిన్న దీవులలోనూ తప్ప ఈ నేలబల్లి ప్రపంచంలో మరెక్కడా కానరాదు. 1862లో ఎడ్వర్డ్ డ్రింకర్ కోప్ అనే అమెరికన్ శాస్త్రజ్ఞుడు దీనిని మొదటిసారిగా వర్ణించాడు.

ముట్టె నుండి తోక మొదలు వరకు దీని పొడవు ఎనిమిది సెంటీమీటర్లకు మించదు. తోక మాత్రం దేహంకంటే పొడవైనది. గోధుమవన్నె వీపుమీద నిలువు చారలు, గొంతు కింద గులాబీ ఛాయ, తోకచుట్టూ నీలి, నలుపు వలయాలు దీనికి సహజాలంకారాలు. ఇది పగటివేళ మాత్రమే సంచరిస్తుంది. ఎండలో దేహాన్ని వేడి చేసుకొని, తాపం పెరిగినపుడు చెట్లనీడకు చేరుతుంది. రాలిన ఆకులను కాళ్ళతో, ముట్టెతో కదిలించి వాటి అడుగున ఉండే పురుగులను, చిన్న రొయ్యలవంటి జీవులను వెదకి తింటుంది. రాత్రి బొరియలో విశ్రమిస్తుంది. కనుక దీని మనుగడకు నీడ, ఆకుల పొర, తవ్వుకొనడానికి వీలైన నేల అవసరం.

ఈ దీవులలో నేలమీద వేటాడే క్షీరదాలు పూర్వం లేవు. అందువలన అటువంటి శత్రువు నుండి తప్పించుకొనే నేర్పు ఈ బల్లికి అలవడలేదు. వలస పాలకుల కాలంలో అక్కడ చెరకుతోటలు విస్తరించాయి. ఓడలతోపాటు వచ్చిన ఎలుకలు ఆ తోటలను పాడుచేయసాగాయి. 1872లో ఎస్ప్యూట్ అనే తోట యజమాని కలకత్తా నుండి తొమ్మిది ముంగిసలను జమైకా ద్వీపానికి తెప్పించాడు. వాటి సంతతి క్రమంగా ఇతర దీవులకు చేరింది. 1880వ దశకంలో సెయింట్ క్రోయ్‌లోనూ ముంగిసలు అడుగుపెట్టాయి.

తోట యజమానులు ఒక ముఖ్యవిషయాన్ని గమనించలేదు. ఎలుకలు ప్రధానంగా రాత్రి తిరుగుతాయి, చెట్లు కూడా ఎక్కుతాయి. ముంగిస పగలు, అదీ నేలమీద వేటాడుతుంది. పగలు నేలమీద తిరిగేది నేలబల్లి. ఫలితంగా ఎలుకల బాధ పూర్తిగా తీరలేదు, బల్లులు మాత్రం క్షీణించాయి. వాటి ఆవాసాలు నిర్మాణాలకు బలికావడం మరొక కారణం. 1968 తరువాత ప్రధాన ద్వీపంలో ఈ బల్లి కనిపించలేదు. ముంగిసలు చేరని ప్రొటెస్టెంట్ కే, గ్రీన్ కే అనే రెండు చిట్టి దీవులలో మాత్రమే మిగిలింది.

1977లో అమెరికా ప్రభుత్వం దీనిని ఆపదలో ఉన్న జాతిగా ప్రకటించింది. దగ్గరలోని బక్ ద్వీపంలో 1968లోనే కొన్ని బల్లులను విడిచినా, అక్కడి ముంగిసలవల్ల ఆ యత్నం ఫలించలేదు. ఆ అనుభవం నుండి పాఠం నేర్చిన అధికారులు ముందుగా ముంగిసలను, అటుపిమ్మట ఎలుకలను ఆ దీవి నుండి తొలగించారు. 2008లో గ్రీన్ కే నుండి 57 బల్లులను తెచ్చి, కొంతకాలం ఆవరణలలో ఉంచి, తరువాత స్వేచ్ఛగా విడిచారు. అయిదేళ్ళలో వాటి సంఖ్య వెయ్యి దాటినట్లు అంచనా వేశారు.

ఇందులో ముంగిసను నిందించవలసిన పనిలేదు. మన దేశంలో బల్లులు, పాములు, ముంగిసలు యుగాలుగా కలసి బతుకుతున్నాయి. దానిని సముద్రాలు దాటించి, పరిచయంలేని ప్రాణుల నడుమ వదిలినది మానవుడు. ఒక జీవిని కొత్తచోట ప్రవేశపెట్టే ముందు అది ఏమి తింటుంది, ఎప్పుడు తిరుగుతుంది, అక్కడ దానికి ఎర కాగల ప్రాణులేవి అని విచారించాలి. తొమ్మిది ముంగిసలను తేవడానికి ఒక ఓడ చాలింది. ఆ తప్పును ఒక్క చిన్నదీవిలో సరిదిద్దడానికి దశాబ్దాలు పట్టింది. సెయింట్ క్రోయ్‌లో ముంగిసలు నేటికీ ఉన్నాయి. తన పేరుగల ద్వీపానికి ఆ నేలబల్లి ఇంకా తిరిగి వెళ్ళలేదు.

ప్రశ్నలు

1. సెయింట్ క్రోయ్ నేలబల్లి జీవనవిధానాన్ని వివరించండి.
2. ముంగిసల వల్ల తోట యజమానులు ఆశించిన ఫలితం ఎందుకు కలుగలేదు?
3. బక్ ద్వీపంలో మొదటి యత్నం విఫలమై, రెండవది సఫలం కావడానికి కారణాలేమిటి?