గొడ్డలితో పాటు ఆ మొదటి దిర్హమ్

సాయం కోరి వచ్చిన ఒక అన్సారీ ఇంట్లో ఉన్న దుప్పటిని, గిన్నెను దైవప్రవక్త (స) రెండు దిర్హమ్‌లకు వేలం వేశారు. ఒకటి ఇంటి తిండికి, రెండోది గొడ్డలికి. పిడి తన చేత్తో బిగించి, కట్టెలు కొట్టి అమ్ముకో, పదిహేను రోజులు కనిపించవద్దన్నారు. అతను పది దిర్హమ్‌లు సంపాదించి వచ్చాడు (అబూ దావూద్).

మనకు గొడ్డలి గుర్తుంటుంది, తిండికిచ్చిన దిర్హమ్ గుర్తుండదు.

మేస్త్రీ వెంట తిరిగి రాడ్లు వంచడం నేర్చిన మన సోదరుడికి పెద్ద ఫ్లైఓవర్ పనుల్లో అది చాలదు. అక్కడ రాడ్లను యంత్రం కోస్తుంది, వంచుతుంది. డ్రాయింగ్ చదవడం రావాలి. 1998లో హైదరాబాద్‌లో ఏర్పడిన నేషనల్ అకాడమీ ఆఫ్ కన్‌స్ట్రక్షన్ లాంటి చోట్ల ఈ పనులు నేర్పుతారు. కానీ రోజు కూలీకి శిక్షణ అంటే కూలి పోవడమే. ఫీజు లేకపోయినా ఇంట్లో పొయ్యి వెలగాలి కదా! మధ్యలో మానేస్తే బద్ధకం అనేస్తాం.

అందుకే దాతలు ముందు శిక్షణ రోజుల ఇంటి ఖర్చు చూడాలి, పనిముట్లు ఆ తర్వాత. జకాత్ సొమ్మయితే అర్హుని చేతికే ఇవ్వండి. ఫీజుగా కట్టాలనుకుంటే ముందు ఉలమాను అడగండి.

ఇంకొకటి. చట్టం ప్రకారం గత ఏడాదిలో 90 రోజులు నిర్మాణ పని చేసిన 18–60 ఏళ్ల కార్మికులు సంక్షేమ బోర్డులో పేరు నమోదు చేయించుకోవచ్చు. దానికి డబ్బు కంటే, ఆఫీసు దాకా వెంట వెళ్లే చదువుకున్న మనిషి ఎక్కువ అవసరం.